బిరుదమును విడిచిన ప్రభువు
లార్డు ఎడ్వర్డు ఫిట్జిరాల్డు చరిత్రము

(పఠనమందిర సభయందు చేయబడిన ఉపన్యాసము)

బిరుదములను గూర్చి మన దేశమున ఒకప్పుడు గొప్ప చర్చ జరిగినది. 1919లో రవీంద్రనాథ ఠాకూరు తన ‘సర్’ బిరుదమును విసర్జించెను. 1920లో కలకత్తా కాంగ్రెసు సహాయనిరాకరణమును తీర్మానించినప్పుడు ఆ కార్యక్రమమున మొదటి అంశము బిరుదత్యాగమే. ఒక మాటను పేరునకు ముందునుండి తీసివేసినంతమాత్రమున ఒరుగునదేమి యని అప్పుడు పరిహసించినవారును కలరు. అంతకు సుమారు నూటముప్పది యేండ్లకు పూర్వము ఐర్లాండునందు జీవించిన యొక ప్రభువు ఈ ప్రశ్నకు తన ప్రాణముతో సమాధానము చెప్పెను.

ఎడ్వర్డు ఫిట్జిరాల్డు 1763లో జన్మించెను. తండ్రి లీన్‌స్టరు డ్యూకు. ఐర్లాండు ప్రభువంశములలో అగ్రగణ్యుడు. యౌవనమున ఎడ్వర్డు ఇంగ్లీషు సైన్యమున చేరి, అమెరికనుల స్వాతంత్ర్యమును అణచుటకై పోరాడెను. 1781లో యూటా స్ప్రింగ్సు యుద్ధమున గాయపడి, తెలివితప్పి, రణరంగమున పడియుండగా, టోనీ స్మాల్ అను నీగ్రో యొకడు ఆయనను తన గుడిసెకు మోసికొనిపోయి బ్రతికించెను. అతడు బానిసత్వమునుండి తప్పించుకొనినవాడు. నాటినుండి వారిరువురును ఎడబాయలేదు. రాజవంశీయుని ప్రాణము బానిస చేత నిలిచెను. మనుష్యుల యెక్కువతక్కువలను గూర్చి ఆయన నేర్చిన తొలిపాఠ మిదియే యనవచ్చును.

1783లో ఆయన ఐరిష్ పార్లమెంటున సభ్యుడయ్యెను. ఆ పార్లమెంటు ఎట్టిది? దేశజనులలో ఇంచుమించు నాలుగింట మూడువంతులు కాథలిక్కులు. వారిలో నొక్కడును అందు కూర్చుండరాదు. కామన్సు సభలోని 300 స్థానములలో పెక్కు కొందరు భూస్వాముల చేతిలోనివి. పేరు ఐర్లాండుది, ఏలుబడి డబ్లిను కోటలోని ఇంగ్లీషు రాజప్రతినిధిది.

1792లో ఎడ్వర్డు ప్యారిసు నగరమునకు పోయి, ‘మానవ హక్కులు’ గ్రంథకర్తయగు తామస్ పెయిను చెంత బసచేసెను. ఆ సంవత్సరము నవంబరులో ఒక విందునందు వంశపారంపర్య బిరుదములు నశించుగాక యని పానము చేసి, తన బిరుదమును అందరియెదుట త్యజించెను. ఆ వార్త వినినంతనే ప్రభుత్వమువారు ఆయనను సైన్యమునుండి తొలగించిరి. 1793లో స్వచ్ఛందసైనికులపై రాజప్రతినిధి ప్రకటన వెలువరింపగా, ఎడ్వర్డు సభయందు లేచి, రాజునకు గల ప్రజలలోకెల్ల అధములు ఈ రాజప్రతినిధియు, ఈ సభలోని అధికసంఖ్యాకులును అని పలికెను. సభ అట్టుడికిపోయెను. సంజాయిషీ చెప్పుమని నిర్బంధించిరి. ఆయన చెప్పినది చాలదని త్రోసివేసిరి.

అట్టి సభవలన దేశమునకు మేలు కలుగదని తెలిసికొని, ఆయన 1796లో ఐక్య ఐరిష్ సంఘమున చేరెను. కాథలిక్కులను ప్రొటెస్టంటులను ఏకము చేయుటకు 1791లో బెల్‌ఫాస్టున స్థాపితమైన సంఘమది. పరాసువారి సహాయముతో తిరుగుబాటునకు యత్నములు సాగెను. 1796 డిసెంబరులో వచ్చిన పరాసు నౌకాదళమును గాలివానలు చెదరగొట్టెను. 1798 మార్చి 12వ తేదీన వేగులవాని మాటపై లీన్‌స్టరు నాయకులలో పెక్కురు పట్టుబడిరి. ఎడ్వర్డు తప్పించుకొనెను.

మహాజనులారా! ఈ చరిత్రమున మనము ముఖ్యముగా గమనింపవలసినది ఇచ్చట కలదు. రెండునెలలకు పైగా ఆయన డబ్లినులోనే దాగియుండెను. ఆయన తలకు ప్రభుత్వము 1000 పౌండ్లు వెలకట్టెను. ఆయనకు ఆశ్రయమొసగిన వితంతువు యింట సేవకుడొకడు బూట్లు శుభ్రము చేయుచు, లోపల వ్రాసియున్న పేరు చూచి గుర్తుపట్టెను. గుర్తుపట్టియు, భయపడవలదని, ప్రాణమిచ్చియైన ఆయనను కాపాడెదనని యజమానురాలితో చెప్పెను. వేయి పౌండ్లు ఆ పేదవాని జన్మమంతటికిని దొరకని ధనము. మరి అమ్మినదెవరు? రహస్యవ్యయపు లెక్కలు తరువాతి కాలమున బయటపడగా చరిత్రకారులు తేల్చినది ఇది: బేరమును కుదిర్చినవాడు ఫ్రాన్సిస్ హిగిన్సు అను పత్రికాధిపతి, జాడ చెప్పినవాడు ఫ్రాన్సిస్ మేగన్ అను బారిష్టరు, ఆ సంఘమునందే సభ్యుడు! బూట్లు తుడుచువాడు నిలిచెను. చట్టము చదివినవాడు అమ్మెను.

మే 19వ తేదీ సాయంకాలము తామస్ వీథిలో ఈకల వర్తకుడైన మర్ఫీ యింట, జ్వరపడి శయ్యపైనున్న ఎడ్వర్డును అధికారులు ముట్టడించిరి. ఆయన బాకుతో పోరాడెను. ఆ గాయముల వలన వారిలో నొకడు తరువాత మరణించెను. మేజరు సర్ ఆయన భుజమున తుపాకితో కాల్చెను. నాలుగు దినములకు, మే 23న, తిరుగుబాటు నాయకుడు లేకయే ఆరంభమై, వేలకొలది జనుల రక్తముతో అణగిపోయెను. జూను 4వ తేదీన ఎడ్వర్డు న్యూగేటు చెరసాలయందు గాయపు బాధతో ప్రాణము విడిచెను. చనిపోయినవానిపై పార్లమెంటు శాసనము చేసి ఆస్తిని హరించెను. ఆ శాసనము 1819లో గాని రద్దుకాలేదు.

ఆ పార్లమెంటు గతి యేమయ్యెను? మన దేశమున గవర్నరు జనరలుగా నుండి శ్రీరంగపట్టణముపై దండెత్తిన కారన్‌వాలీసే 1798 జూనులో రాజప్రతినిధిగా డబ్లినునకు వచ్చెను. బిరుదములు, పదవులు, ధనము ఎరచూపి సభ్యుల మతములను కొనిరి. ఆ బేరమును తానే అసహ్యించుకొనుచు కారన్‌వాలీసు నడపెను. 1801 జనవరి 1 నాటికి ఐరిష్ పార్లమెంటు లేకపోయెను.

ఎడ్వర్డు పట్టుబడిన 1798 మే నెలలోనే మరియొక ఐరిష్ ప్రభువు, మార్నింగ్టన్ ఎర్లు, కలకత్తాలో గవర్నరు జనరలుగా పదవి స్వీకరించెను. మనమెరిగిన వెల్లెస్లీ ఆయనయే. నిజామును సైన్యసహకార సంధితో బంధించి, 1800లో బళ్లారి, అనంతపురము, కడప సీమలను కుంపిణీకి చేర్చినది ఆయన కాలముననే. టిప్పు పతనమునకు ప్రతిఫలముగా మార్క్విసు బిరుదము లభింపగా, అది ఇంగ్లీషుది కాక ఐరిష్‌ది యయ్యెనని కుమిలి, బంగారుపూత పూసిన బంగాళాదుంప యని దానిని ఈసడించెను! ఒక ఐరిష్ ప్రభువు బిరుదమును ప్రజలకొరకు పారవైచెను. మరియొకడు తన దేశపు పేరు దానికంటియున్నందుకే దుఃఖించెను.

ఎడ్వర్డు గొప్ప సేనాని కాడు. ఆయన యత్నము ఫలింపలేదు. కాని ఆయన వదలిన ‘లార్డు’ పదమును ప్రజలు వదలలేదు. నేటికిని ఐర్లాండు ఆయనను లార్డు ఎడ్వర్డు అనియే స్మరించును. ప్రభువు లిచ్చిన బిరుదమును ప్రభువులు తీసికొనవచ్చును. ప్రజ లిచ్చినదానిని తీసికొన నెవ్వరితరము? విద్యావంతులమైన మన మీ పఠనమందిరమున నేర్చుకొను చదువు మనలను మేగన్‌లను చేయునో, ఆ సేవకునితో సమానులను చేయునో ఆలోచించుకొనవలయునని విన్నవించి విరమించుచున్నాను.