ట్రాలీ బోల్తా పడితే నిర్లక్ష్యం ఎవరిది?



రోడ్డు ప్రమాదాల నష్టపరిహారం మీద పీహెచ్‌డీ అనగానే చాలామంది నన్ను ఇన్సూరెన్స్ లెక్కల మనిషి అనుకుంటారు. నేను చదువుతున్నది కూలీల కేసులు. మిరపకోతకో, పత్తి తీతకో ట్రాక్టర్ ట్రాలీలో, సరుకు ఆటోలో కిక్కిరిసి వెళ్లే ఆడవాళ్లవి. ఆ బండి ఎక్కేది ఏ వాడ నుంచో మీకు నేను చెప్పనక్కర్లేదు.

మోటారు వాహనాల చట్టం సెక్షన్ 166 కింద పరిహారం కోరేవాళ్లు డ్రైవర్ నిర్లక్ష్యాన్ని రుజువు చేయాలి. క్రిమినల్ కోర్టులోలా అనుమానానికి తావు లేకుండా కాదు, అలా జరిగి ఉండే అవకాశమే ఎక్కువని తేలితే చాలు. 1980 నాటి ఎన్.కె.వి. బ్రదర్స్ కేసులో బస్సు కరెంటు తీగకు తగిలి ప్రయాణికులు చనిపోయారు. డ్రైవర్ క్రిమినల్ కేసులో నిర్దోషిగా బయటపడ్డా సుప్రీంకోర్టు పరిహారాన్ని నిలబెట్టింది.

కింది కోర్టుల్లో మాత్రం కథంతా ఎఫ్ఐఆర్ చుట్టూ తిరుగుతుంది. కూలీలంతా ఆసుపత్రిలో ఉంటే స్టేషన్‌కు వెళ్లేదెవరు? యజమాని తరఫు మనిషి. 'గేదె అడ్డమొచ్చింది' అని రాయిస్తే నిర్లక్ష్యం అక్కడే మాయమవుతుంది. అందుకే పంచనామా, స్కెచ్, బ్రేక్ ఇన్‌స్పెక్టర్ రిపోర్టు తీయించాలి. గేదె సంగతి ఎలా ఉన్నా బండి బ్రేకుల సంగతి ఆ రిపోర్టులో దొరుకుతుంది.

ట్రాలీని లారీ గుద్దితే దారి కొంత సులువే. తప్పు ఇద్దరు డ్రైవర్లదైనా, కూర్చున్న మనిషికి అందులో వాటా లేదు. మొత్తం పరిహారం ఇద్దరిలో ఎవరి దగ్గరైనా రాబట్టుకోవచ్చని 2015లో ఖెన్యేయ్ కేసు తేల్చింది.

ట్రాలీ దానంతటదే బోల్తా పడితేనే అసలు చిక్కు. సరుకు బండిలో మనుషులెక్కితే మాకు బాధ్యత లేదంటుంది ఇన్సూరెన్స్ కంపెనీ. ఆశా రాణి తీర్పు దానికి అండ. 'ముందు చెల్లించి యజమాని దగ్గర వసూలు చేసుకోండి' అని కొన్ని కోర్టులు అంటాయి, అన్నీ అనవు. మిగిలేది యజమాని. ఊళ్లో పని ఇచ్చేదీ ఆయనే, అవసరానికి అప్పిచ్చేదీ ఆయనే. ఆయన మీద కేసు వేసి, అదే ట్రాలీలో వచ్చిన మరో కూలీని సాక్షిగా పిలవాలి. రేపు ఆమె ఎవరి చేలోకి వెళ్తుంది? ఫైల్లో దీన్ని 'సాక్ష్యం లేదు' అని రాస్తారు. నా దృష్టిలో అది సాక్ష్యం లేకపోవడం కాదు, భూమి లేకపోవడం.

ఇక 'సరుకు బండని తెలిసీ ఎందుకెక్కావు?' అన్న క్రాస్ ప్రశ్న. తెల్లవారుజామున ఆ చేనికి వెళ్లే బస్సేదో ఆ ప్రశ్న వేసేవాళ్లు చెప్పరు.

పెద్దమనుషులు రాజీకి కూర్చోబెడతారు. 2019 సవరణ దావాకు ఆరు నెలల గడువు పెట్టింది. దానిపై సవాళ్లు సుప్రీంకోర్టు దాకా వెళ్లాయి గానీ, గడువును నమ్ముకుని ఎవరూ ఆగకూడదు.

చివరిగా ఆదాయం. 38 ఏళ్ల కూలీ చనిపోయింది, ఆధారపడినవాళ్లు నలుగురు అనుకుందాం. ఆదాయానికి రుజువు లేదని ట్రిబ్యునల్ నెలకు 6,000 రాస్తే ఏడాదికి 72,000. ప్రణయ్ సేఠీ తీర్పు ప్రకారం 40 శాతం కలిపి, సరళా వర్మ తీర్పు ప్రకారం సొంత ఖర్చుకు నాలుగో వంతు తీసి 15తో గుణిస్తే 11,34,000. అదే 12,000 రాస్తే 22,68,000. ఓటులో సమానం, బతుకులో అసమానం అని 1949 నవంబర్ 25న రాజ్యాంగ సభలో అంబేడ్కర్ హెచ్చరించిన వైరుధ్యం నాకు ఈ గుణకారంలో కనిపిస్తుంది.

కూలీని ఆదాయ పత్రాలు తెమ్మనడం తగదని 2011లో రామచంద్రప్ప కేసు చెప్పింది. ఆయన అడిగిన నెలకు 4,500నే కోర్టు ఒప్పుకుంది. అయినా ఆ తీర్పును ట్రిబ్యునల్ ముందు పెట్టి ఊరుకుంటే సరిపోదు. కనీస వేతనాల జీవో, ఉపాధి హామీ జాబ్ కార్డు జత చేయాలి. మేస్త్రీని బోనెక్కించి, ఎవరు ఎన్ని రోజులు వచ్చారో రాసుకునే ఆయన చిట్టా పుస్తకాన్ని కోర్టులో మార్కు చేయించాలి.