జాఁ పియేర్ బక్రీ: నటుడు, రచయిత

ఫ్రెంచి చలనచిత్రములన్న మాట వినగానే మనలో పలువురికి దర్శకుల పేర్లు స్ఫురిస్తవి. సంభాషణలు వ్రాసినవారి పేర్లు స్ఫురించవు. తాను వ్రాసిన మాటలు తానే పలికి, రెండు విధములా పేరు తెచ్చుకొన్న జాఁ పియేర్ బక్రీని గురించి ఈ పూట నాలుగు మాటలు చెప్పదలచినాను.

బక్రీ 1951లో, అప్పటికి ఫ్రెంచివారి ఏలుబడిలో ఉన్న అల్జీరియాలో, కాస్తిల్యోన్ అనే సముద్రతీరపు పట్టణంలో జన్మించినాడు. తండ్రి తపాలా ఉద్యోగి. వారాంతములందు ఊరి సినిమాహాలులో పనిచేసేవాడు. పిల్లవానికి సినిమా పరిచయమైనది ఆ విధంగానే. అల్జీరియా స్వతంత్రమైన 1962లో కుటుంబం దక్షిణ ఫ్రాన్సులోని కాన్ నగరానికి తరలివచ్చినది. కొంతకాలం బ్యాంకు ఉద్యోగం చేసి, 1976లో ఆయన పారిస్ చేరినాడు.

1987లో హెరాల్డ్ పింటర్ రచించిన ఒక నాటకంలో నటిస్తూ ఆన్యెస్ జావీ అనే నటిని కలుసుకొన్నాడు. అప్పటినుండి ఇద్దరూ కలిసి వ్రాసినారు. దర్శకుడు అలాఁ రెనే ఇద్దరి పేర్లూ కలిపి ‘జబక్’ అని పిలిచేవాడు. వారి సహజీవనం 2012లో ముగిసినది గాని, జంటరచన ముగియలేదు. 2018 నాటి చిత్రం కూడా ఇద్దరిదే.

నటుడే రచయిత అయినప్పుడు మంచి మాటలన్నీ తనకే దాచుకొనడం లోకసహజం. బక్రీ తనకు దాచుకొన్నది చిరాకుపడేవాని వేషం. 1996లో వచ్చిన ‘ఇంటి పోలిక’ చిత్రంలో ఆయన ఒక కాఫీహోటలు యజమాని. భార్య వదలి వెళ్లినది. తల్లికి చిన్న కొడుకంటేనే మక్కువ. కాళ్లు పడిపోయిన ముసలి కుక్క ఒక మూల పడి ఉంటుంది. అతడు అందరిమీదా విసుగుకొంటాడు. ఆ విసుగు వెనుక ఉన్న అవమానం మనకు మెల్లమెల్లగా తెలిసివస్తుంది.

నేపథ్యగానం మనకు కొత్త గాదు. అయినను 1997లో రెనే తీసిన ‘ఆ పాట ఎరిగినదే’ చిత్రం చూచి మనవారు సైతం ఉలిక్కిపడతారు. పాత్రలు మాట్లాడుతూ మాట్లాడుతూ పాత రికార్డులలోని ఒకటి రెండు పంక్తులకు పెదవులు కదిపి, మరల మాటలోనికి వస్తవి. ఆరంభంలోనే జర్మను సేనాని నోట జోసఫీన్ బేకర్ కంఠం వినవస్తుంది! ఇందులో లేని రోగములకు వైద్యుల చుట్టూ తిరిగే పాత్రకు బక్రీకి ఉత్తమ సహాయనటుని సెజార్ బహుమానం లభించినది. రచనకు ఆ జంట నాలుగు సెజార్లు పొందినది. ఉత్తమ నటుని సెజార్ మాత్రం ఆయనకు ఎన్నడూ రాలేదు. 2021 జనవరి 18న, 69 ఏండ్ల వయస్సులో, కాన్సరుతో మరణించినాడు.

ఆయన చిత్రములలో ఒక్కటే చూడదలచిన వారు 2000లో జావీ దర్శకత్వం వహించిన ‘ఇతరుల అభిరుచి’ చూడవలెను. కస్తెల్లా అనే కర్మాగారపు యజమాని. నాటకములన్నా చిత్రకళ అన్నా ఎరుగడు. ఒకనాడు అయిష్టంగా రాసీన్ నాటకానికి వెళ్లి, తనకు ఇంగ్లీషు నేర్పవచ్చిన ఉపాధ్యాయిని క్లారాయే నాయిక అని చూచి, మనసు పోగొట్టుకొంటాడు. ఆమె మిత్రులైన కళాకారుల పంక్తిలో చేరతాడు. వారు తనను ఎగతాళి చేస్తున్నారని గ్రహింపడు. చూచే మనమూ వారితో కలిసి నవ్వుతాము. ఆమె మెప్పుకొరకు మీసం తీయించుకొంటాడు. వారిలో ఒకరి చిత్రములు కొంటాడు. మిత్రులు తన ధనానికి ఆశపడుతున్నారేమోనని క్లారా హెచ్చరింపవస్తుంది. అవి తనకు నచ్చినవి గనుక కొన్నాననీ, ఆ సంగతి ఆమెకు తోచనే లేదా అనీ అతడు అడుగుతాడు. గొంతు హెచ్చించడు. ఆమెతోపాటు ఇంతసేపూ నవ్విన మనమూ తల వంచుకొంటాము.

తరువాత క్లారా ఇబ్సెన్ నాటకంలో నటిస్తూ అతనిని ఆహ్వానిస్తుంది. తెర సందునుండి చూస్తే అతని కుర్చీ ఖాళీగా ఉంటుంది. నాటకం ముగిసి, నటులందరూ వరుసగా నిలబడి నమస్కరిస్తున్నప్పుడు, చప్పట్లు కొట్టేవారిలో ఆమెకు అతడు కనబడతాడు.