కలగూర కుండ



తొలకరి వానలు కురిసిన పిదప కామారెడ్డి, ఎల్లారెడ్డి ప్రాంతములలోని పల్లెలకు సాయంకాలము వేళ పోయినచో, వంటయిండ్ల నుండి ఒక పుల్లని, కమ్మని వాసన వచ్చుచుండును. అది పప్పులో పుంటికూర ఉడుకుచున్న వాసన. ఇతర ప్రాంతములవారు గోంగూర యనునదియే మాకు పుంటికూర. అయితే నేడు మేము ముచ్చటింపదలచినది ఒక్క పుంటికూరను గూర్చి కాదు. నాలుగైదు రకముల ఆకులు ఒకే కుండలో కలిసి ఉడికెడి కలగూరను గూర్చి.

పొందిక లేని వస్తువుల కుప్పను చూచి 'కలగూర గంప' యని పరిహసించుట మన వాడుక. కాని వంట నెరిగిన యిల్లాలికి ఆ గంపయే భాగ్యము. పుంటికూర పులుపు నిచ్చును. గంగవాయిలి కూర కొద్దిపాటి పులుపుతోపాటు జిగురు నిచ్చును. తోటకూర, చెంచలి కూర కమ్మదనము నిచ్చును. కాలువ గట్లపై దొరకు పొన్నగంటి కూరకు తనదైన రుచి వేరుగా కలదు. వినాయక చవితికి తప్పక వండుకొను తుమ్మికూరను గుప్పెడు చేర్చినచో కించిత్తు చేదు తగిలి నాలుక మేలుకొనును.

పెక్కు ఆకులను కలిపి వండు ఆచారము మన ఒక్కరిదే కాదు. అమెరికా దేశపు దక్షిణ భాగమున లూసియానా రాష్ట్రమున 'గంబో' యను వంటకము ప్రసిద్ధము. ఆఫ్రికా నుండి బానిసలుగా కొనిపోబడిన ప్రజల భాషలలో బెండకాయకు గల పేరే ఆ వంటకమునకు వచ్చినదందురు. అందులో ఆకుకూరలతో చేయు గంబో యొకటి కలదు. న్యూ ఆర్లియన్సు నగరమున ఈస్టరు పండుగకు ముందు వచ్చు గురువారమున దానిని వండుదురు. ఆ నగరమున పేరొందిన వంటగత్తె లియా చేజ్ (1923–2019) తమ భోజనశాలలో ఏటేట ఆనాడు దానిని వడ్డించెడివారు. ఎన్ని రకముల ఆకులు వేసిన ఆ యేడు అందరు క్రొత్త స్నేహితులు లభింతురని అచ్చటివారి నమ్మకము.

ఇక మన కుండ సంగతి. అయిదుగురికి కందిపప్పు 150 గ్రాములు, ఏరి కడిగిన ఆకు అన్నియు కలిసి అర కిలో చాలును. అందులో పుంటికూర నాలుగవ వంతు మించరాదు. పప్పును అరగంట నానబెట్టి, చిటికెడు పసుపు, చెంచాడు నూనె వేసి ఉడికించవలెను. పప్పు వ్రేళ్ళ నడుమ మెత్తగా నలిగిన పిదప ఏడెనిమిది పచ్చిమిరపకాయలు, ఒక ఉల్లిగడ్డ, తోటకూర మొదలగు చప్పని ఆకులు వేయవలెను. అవి మగ్గిన తరువాతనే పుంటికూర, ఉప్పు.

ఈ వరుస తప్పరాదు. క్రొత్తగా వంట నేర్చుకొను దినములలో మేము పుంటికూరను పప్పుతోపాటే కుండలో వేసితిమి. రెండు గంటలు మంట పెట్టినను పప్పు పలుకు విడువలేదు. పొరుగింటి అవ్వ వచ్చి చూచి నవ్వి, "పప్పు ఉడికినంకనే పుల్లగూర ఎయ్యాలె బిడ్డా!" అన్నది. పులుపు తగిలిన పప్పు త్వరగా మెత్తబడదు. ఆ సంగతి అవ్వ ఏ పుస్తకమునను చదువలేదు.

చివర పప్పుగుత్తితో మెదిపి, ఆవాలు, జీలకర్ర, ఎండుమిరప, దంచిన ఎల్లిగడ్డ, కరివేపాకులతో పోపు పెట్టవలెను. చిక్కదనము కోరువారు లేత బెండకాయలు నాలుగు తరిగి, జిగట విడుచువరకు నూనెలో వేయించి కలుపవచ్చును. పులుపు మించినచో కామారెడ్డి బజారు బెల్లము చిన్న ముక్క చాలును. జొన్నరొట్టెతోగాని, మక్కగట్కతోగాని తినవలెను. మూత్రపిండములలో రాళ్ళు గలవారు మాత్రము పుంటికూర, గంగవాయిలి కూరల విషయమున వైద్యుని సలహా గైకొనుట మంచిది.

వంట ఇంతియే. కాని ఆకు ఎచ్చటనుండి వచ్చును? పుంటికూరను విత్తుదుము. గంగవాయిలిని, చెంచలిని, తుమ్మిని సాధారణముగా ఎవరును విత్తరు. అవి జొన్న, మక్క చేలలో తమంత మొలచును. కలుపు తీయబోయిన స్త్రీలు సాయంకాలము కూలితోపాటు కొంగున ఆకును మూటగట్టుకొని వచ్చెడివారు. చేనికి కలుపు, ఇంటికి కూర. నేడు అనేక చేలలో కలుపు మందు చల్లుచున్నారు. కూలీలు దొరకని రైతును మేము నిందింపము. కాని ఆ మందుతో పోవునది గడ్డి మాత్రమే కాదు. పేదయింటి కుండలోని నాలుగు ఆకులును పోవుచున్నవి. ఆకు కంటబడనిచో దాని పేరు సైతము పిల్లలకు తెలియదు.

మాకు నైరుతి దిక్కున జహీరాబాదు ప్రాంతమున దక్కన్ డెవలప్‌మెంటు సొసైటీ సంగముల స్త్రీలు విత్తకనే మొలచు ఇట్టి ఆకులను గుర్తించి, వాని పేర్లను నిలుపుకొనిరి. మాచునూరు గ్రామమున 2008లో ప్రారంభమైన సంగం రేడియోలో తమ పంటలను, వంటలను గూర్చి తామే మాటలాడిరి. ఆ పని మన యిండ్లలోను చేయదగినదే.

చేను గలవారు ఒక గట్టునైనను మందు తగులకుండ విడువవలెను. పెరడు గలవారు గంగవాయిలిని పీకి పారవేయక, కొన్ని మొక్కలను విత్తు రాలువరకు ఉంచవలెను. అంగడిలో కొనువారు, ఆకు ఎచ్చట కోసినదని అమ్మునామెను అడుగవలెను. మందు చల్లిన చేనిలోని ఆకును, మురుగు కాలువ ప్రక్క ఆకును ఎన్నడును వండరాదు. అన్నిటికంటె ముఖ్యము, ఇంటనున్న పెద్దమ్మ, అవ్వలను ఒక్కసారి చేనికి వెంటగొనిపోయి, పిల్లలకు ఆకులను చూపించుమని కోరవలెను.

ఈ వానకాలమున మీ కుండలో ఎన్ని రకముల ఆకులు పడినవో లెక్కించి చూడుడు. అందులో ఒక్కటైనను మీ పిల్లలు స్వయముగా గుర్తించి కోసినదై యుండవలెనని మా కోరిక.