గుట్టల కింది ఊరు పొదిల్



‘నాటు నాటు’ పాటలో వెనకాల కనిపించే నీలి భవనం మీకందరికీ గుర్తుండే ఉంటుంది. అది ఉక్రెయిన్ రాజధాని కీవ్‌లోని మరియిన్‌స్కీ ప్యాలెస్. ద్నీప్రో నదికి కుడిగట్టున, గుట్టల మీద ఉంది. పాలకులూ పెద్ద చర్చిలూ ఎక్కువగా ఆ పైననే. ఈ సాయంత్రం మనం కిందికి దిగుదాం. గుట్టలకూ నదికీ మధ్య పల్లంలో ఉన్న పేట పొదిల్.

పడవ ఆగాలంటే పల్లమే కావాలి. పూర్వం పొచైనా అనే చిన్న నది ఇక్కడ ద్నీప్రోలో కలిసేది, రేవు అక్కడే ఉండేది. అందుకే వర్తకులు, కుమ్మరులు, తోళ్లపనివాళ్లు ఇక్కడ చేరారు. అయితే నీరు పల్లమెరుగు అన్నారు కదా! వరదొచ్చి ఒండ్రు కప్పేసేది, జనం ఆ ఒండ్రు మీదే మళ్లీ ఇల్లు కట్టుకునేవారు. 1970ల్లో మెట్రో కోసం తవ్వితే చాలా లోతున దుంగలతో కట్టిన ఇళ్లు బయటపడ్డాయి. తడిమట్టిలో గాలి సోకక కలప కుళ్లలేదు. చెట్టు వలయాలు లెక్కపెడితే ఒక దుంగ 887లో నరికినదని తేలింది. అంతవరకూ పాత కీవ్ సామాన్యులు సగం నేలలో తవ్వుకున్న గుడిసెల్లో ఉండేవారని పండితుల నమ్మకం. వరద ఇళ్లను ముంచింది, చరిత్రను మాత్రం దాచిపెట్టింది.

పొదిల్‌కు చదువూ వచ్చింది. 1615లో హాల్ష్కా హులేవిచివ్నా అనే ఆవిడ ఇక్కడ ఇచ్చిన స్థలంలో మొదలైన బడి మొహిలా అకాడమీగా ఎదిగింది. 1817లో మూతపడి, స్వతంత్ర ఉక్రెయిన్‌లో మళ్లీ తెరుచుకుంది. 1797 నుంచి ఇక్కడ ఏటా జరిగిన ఒప్పందాల సంతలో భూస్వాములూ వ్యాపారులూ బేరాలు కుదుర్చుకునేవారు. ఇక 1811 నాటి అగ్నిప్రమాదంలో రెండువేలకు పైగా ఇళ్లు కాలిపోయాయి. ఇవాళ పటంలో పొదిల్ వీధులు గళ్లు గీసినట్టు తిన్నగా కనిపిస్తాయంటే, ఆ బూడిద మీద కొత్తగా వేసిన ప్లానే కారణం.

పైఊరికీ కిందిఊరికీ మధ్య ఏటవాలు బాగా ఎక్కువ, గుర్రాల ట్రాము ఎక్కలేకపోయేది. రష్యా సామ్రాజ్యంలో మొదటి విద్యుత్ ట్రాము 1892లో ఇక్కడే నడవడానికి కారణం ఆ ఎత్తే. 1905లో వచ్చిన కేబుల్ రైలు ఇప్పటికీ జనాన్ని పైకీ కిందికీ చేరవేస్తోంది.

ఇప్పటి పొదిల్ జిల్లా పాత పేట కన్నా చాలా పెద్దది. అందులోదే కురెనివ్కా. దానికి ఎగువన బాబిన్ యార్ లోయ ఉంది. 1941 సెప్టెంబరు చివర రెండు రోజుల్లో నాజీలు 33,771 మంది యూదులను కాల్చి చంపింది అక్కడే. యుద్ధం తర్వాత సోవియట్ అధికారులు ఆ లోయను పూడ్చాలని ఇటుక ఫ్యాక్టరీల బురదను ఏళ్ల తరబడి గొట్టాలతో పంపారు. 1961 మార్చి 13 ఉదయం మట్టికట్ట తెగి, ఆ బురద కురెనివ్కా మీద పడింది. చనిపోయినవారు ప్రభుత్వం చెప్పిన లెక్క ప్రకారం 145 మంది. అసలు సంఖ్య అంతకు ఎన్నో రెట్లని తర్వాత పరిశోధకులు అన్నారు.

పొదిల్‌ను వరదలు ముంచాయంటే నదిని తప్పుపట్టను. 1961 నాటిది మాత్రం ప్రకృతి చేసిన పని కాదు, పైన కూర్చున్న అధికారులు చేసింది.