తూకముతో లెక్క

పటమటలోని కొట్లలో బియ్యమును తూచి ఇత్తురే గాని గింజలను లెక్కింపరు. అయినను ఆ సంఖ్య కావలెనన్న కష్టము లేదు. వేయి గింజలు 20 గ్రాములు తూగినచో కిలోగ్రామునకు 50 వేల గింజలు. కంటికి కనబడని డి.ఎన్.ఎ. ప్రతులను లెక్కించుటకును మార్గమిదియే యని మేము మనవిచేయదలచినాము.

దీనితో మన కృష్ణా డెల్టాకు పనియేమి? దిగువన నాగాయలంక ప్రాంతమున రొయ్యల చెరువులు కలవు. 1994లో మన దేశపు చెరువులలో తెల్లమచ్చల వ్యాధి బయలుదేరెను. అది సోకినచో 3 మొదలు 10 దినములలో చెరువంతయు తుడిచిపెట్టుకొని పోవచ్చును. కావున పిల్లలను వదలుటకు ముందే, వానిలో ఆ వైరస్ ఉన్నదా, ఎంత ఉన్నది, అని పి.సి.ఆర్. పరీక్షతో చూతురు.

డి.ఎన్.ఎ. మెలితిరిగిన నిచ్చెన వంటిది. 6022 ప్రక్కన 20 సున్నలుంచిన సంఖ్యకు అవగాడ్రో సంఖ్య యని పేరు. అన్ని మెట్లు కలిసి సుమారు 650 గ్రాములు తూగును. డి.ఎన్.ఎ. బరువును గ్రాములలో వేసి అవగాడ్రో సంఖ్యతో హెచ్చించి, దానిని ఒక ప్రతిలోని మెట్ల సంఖ్యతోను, 650తోను భాగించినచో ప్రతుల సంఖ్య వచ్చును. తెల్లమచ్చల వైరస్ డి.ఎన్.ఎ.కు సుమారు 3 లక్షల మెట్లు. గ్రాములో నూరుకోట్లవ వంతైన నానోగ్రామునకు 31 లక్షల ప్రతులగును. 3 వేల మెట్ల డి.ఎన్.ఎ. యైనచో అదే బరువునకు 31 కోట్లు!

రొయ్య నుండి తీసిన డి.ఎన్.ఎ.లో రొయ్యదే అధికము గనుక, దానిని తూచి వైరస్‌ను లెక్కింపరాదు. అందుచే వైరస్ తునకను చేర్చిన చిన్న డి.ఎన్.ఎ. వలయమును శుద్ధిచేసి, ప్రతులు లెక్కగట్టి, కొలబద్దగ నుంచుకొని నమూనాను దానితో పోల్చుదురు. ఇంత స్వల్పపు బరువును త్రాసుతో గాక, అది అతినీలలోహిత కాంతిని ఎంత పీల్చునో చూచి నిర్ణయించుట పరిపాటి. ఆర్.ఎన్.ఎ.యు ఆ కాంతినే పీల్చును. బియ్యములో బెడ్డలవలె అది సగము కలిసినచో, ఉన్నవి పదిహేనున్నర కోట్లైనను 31 కోట్లని వ్రాసికొందుము. ఆపై ప్రతి నమూనాలోను వైరస్ రెండింతలుగ కనబడును. మెట్ల సంఖ్యను రెండింతలుగ వేసికొన్నచో దోషము తలక్రిందులై, వ్యాధి ఉన్నదానిలో సగముగనే తోచును.

కావున పరీక్షా పత్రము చేతికి వచ్చినప్పుడు, కొలబద్దను ఎట్లు శుద్ధిచేసిరి, తునకతోపాటు వలయమంతటి పొడవును లెక్కలో చేర్చిరా, అని రైతు అడుగుట సమంజసము. ఆ రెంటిపైననే ఆ సంఖ్య నిలిచియున్నది.