షిరీన్ అనే పేరు

ఇరాన్‌లో ఆడపిల్లకు ఇష్టంగా పెట్టుకునే పేర్లలో షిరీన్ ఒకటి. పారశీకంలో ‘తియ్యనిది’ అని అర్థం. ఈ పేరు వెనక ఒక రాణి ఉంది. ససానియన్ చక్రవర్తి రెండో ఖుస్రో భార్య షిరీన్, మతానికి క్రైస్తవురాలు. 12వ శతాబ్దంలో నిజామీ గంజవి వాళ్ల ప్రేమను కావ్యంగా రాశాడు. అందులో నా ఓటు మాత్రం శిల్పి ఫర్హాద్‌కే. షిరీన్ మీద ప్రేమతో బీసుతూన్ కొండను తొలిచాడు. ఆమె చనిపోయిందని రాజు అబద్ధపు కబురు పంపితే, నమ్మి ప్రాణం వదిలాడు పాపం! కెర్మాన్‌షా దగ్గర ఆ కొండకు నున్నగా చెక్కిన పెద్ద రాతిగోడ ఉంది. అది ఫర్హాద్ పనేనని జనం చెప్పుకుంటారు. 2003లో నోబెల్ శాంతి బహుమతి అందుకున్న ఇరాన్ న్యాయవాది పేరూ షిరీనే, షిరీన్ ఎబాదీ. మన దేశంలో పార్సీల ఇళ్లలోనూ ఈ పేరు వినిపిస్తుంది.