ఆమె ఎందుకు చావాలి?

ఈ వారం సినిమాల గురించి మాట్లాడదామనుకుంటున్నాను. పాటలూ, ఫైట్లూ ఉండే మన సినిమాలు కాదు, పిల్లలు పడుకున్నాక సౌండు తగ్గించుకుని చూసే సినిమాలు. ఇక్కడ వీటిని ఇరోటిక్ థ్రిల్లర్లు అంటారు. ఓ ఆడమనిషి, ఆవిడ కోరిక, ఓ హత్య - ఈ మూడూ ఉంటే కథ తయారు. "రేడియోలో ఇవేం కబుర్లమ్మా?" అనుకునే పెద్దవాళ్ళుంటే కాసేపు ఓపిక పట్టండి. నేను మాట్లాడబోయేది బూతు గురించి కాదు, శిక్ష గురించి.

ఈ కథలు అమెరికాకి కొత్త కాదు. 1944లో బిల్లీ వైల్డర్ తీసిన 'డబుల్ ఇండెమ్నిటీ'లో బార్బరా స్టాన్విక్ ప్రియుడితో కలిసి భర్తని చంపి, ఇన్సూరెన్సు డబ్బు కొట్టెయ్యాలని చూస్తుంది. చివరికి ఆ ప్రియుడి చేతిలోనే చస్తుంది. వేరే దారి లేదు. నేరం చేసినవాళ్ళు సుఖపడినట్టు చూపించకూడదని హాలీవుడ్ తనకి తనే ఓ నియమావళి పెట్టుకుని, 1934 నించీ గట్టిగా అమలు చేసింది. 1968లో ఆ నియమావళి పోయి రేటింగులొచ్చాయి. 1981లో వచ్చిన 'బాడీ హీట్'లో కేథలీన్ టర్నర్ దాదాపు అదే పని చేసి, డబ్బుతో సహా తప్పించుకుని, సముద్రపు ఒడ్డున హాయిగా కూర్చుంటుంది.

నియమం పోయింది సరే, మరి భయం పోయిందా? పోలేదని 1987లో 'ఫేటల్ అట్రాక్షన్' చూపించింది. పెళ్ళయిన లాయరు డాన్, భార్య ఊళ్ళో లేనప్పుడు అలెక్స్ అనే ఆవిడతో రెండు రోజులు గడుపుతాడు. అది అక్కడితో అయిపోయిందనుకుంటాడు. ఆవిడ అనుకోదు. వెంటపడుతుంది, బెదిరిస్తుంది, వాళ్ళమ్మాయి కుందేలుని చంపి ఉడకబెడుతుంది.

మొదట తీసిన ముగింపులో అలెక్స్ ఆత్మహత్య చేసుకుంటుంది. కత్తి మీద డాన్ వేలిముద్రలుంటాయి, పోలీసులొచ్చి అతన్ని పట్టుకెళతారు. అంటే అతను చేసిన పనికి అతనూ కొంత లెక్క చెప్పుకోవాలి. ముందస్తుగా చూసిన ప్రేక్షకులకి అది రుచించలేదు. అప్పుడు ముగింపు మళ్ళీ తీశారు. అందులో డాన్ ఆమెని స్నానాల తొట్టిలో ముంచుతాడు, ఆమె మళ్ళీ లేస్తుంది, అతని భార్య పిస్తోలుతో కాల్చేస్తుంది. అలెక్స్ వేషం వేసిన గ్లెన్ క్లోజ్ ఈ మార్పుని గట్టిగా వ్యతిరేకించింది. ఆ పాత్రని అర్థం చేసుకోడానికి మానసిక వైద్యులతో మాట్లాడిన మనిషి ఆవిడ. చివరికి ఆవిడ మాట చెల్లలేదు. సినిమా బ్రహ్మాండంగా ఆడింది. "చంపెయ్, చంపెయ్" అని హాల్లో మగవాళ్ళు కేకలేసిన సంగతి సూసన్ ఫలూడీ 1991లో 'బ్యాక్‌లాష్' పుస్తకంలో రాసింది.

ఆ సినిమాని ఓసారి మా స్నేహితురాళ్ళతో కలిసి చూశాను. ఒకావిడ, "అలాంటిదానికి అలాగే కావాలి," అంది. కాలేజీలో చదువుతున్న మా అమ్మాయి పక్కనే ఉంది. "మరి అతనికేం కాదా ఆంటీ?" అంది. ఎవరం మాట్లాడలేదు. కాసేపాగి ఎవరో టీ పెట్టడానికి లేచారు.

1992లో 'బేసిక్ ఇన్‌స్టింక్ట్' వచ్చింది. షారన్ స్టోన్ ఇందులో రచయిత్రి. మగవాళ్ళతోనూ, ఆడవాళ్ళతోనూ సంబంధాలున్నావిడ. అలాంటివాళ్ళని హంతకులుగా చూపిస్తారా అని శాన్‌ఫ్రాన్సిస్కోలో షూటింగు జరుగుతుండగానే స్వలింగ ప్రేమికుల సంఘాలవాళ్ళు గొడవ చేశారు. ఆవిడ చావదు. మంచం కింద ఐసు పగలగొట్టే సూది చూపించి సినిమా ముగిస్తారు. కానీ నాకు గుర్తుండిపోయింది మరో ఆడమనిషి, పోలీసుశాఖలో పనిచేసే సైకాలజిస్టు. జేబులో తుపాకీ ఉందనుకుని హీరో ఆమెని కాల్చేస్తాడు. తీరా చూస్తే ఆమె చేతిలో ఉన్నవి తాళంచెవులు!

ఇక నిజజీవితం సంగతి. అమెరికా న్యాయశాఖ లెక్కల ప్రకారం 2021లో హత్యకి గురైన ఆడవాళ్ళలో నూటికి 34 మందిని చంపింది భర్తో, ప్రియుడో, ఒకప్పటి సహచరుడో. మగవాళ్ళలో ఆ లెక్క నూటికి 6. అంటే మంచం దగ్గర ప్రమాదం ఎవరికి ఎక్కువ? సినిమాలు ఆ భయాన్ని తిరగేసి, మగవాడి చేతుల్లో పెట్టాయి.

అందుకే 2003లో జేన్ కాంపియన్ తీసిన 'ఇన్ ద కట్' నాకు ముఖ్యమైన సినిమా. సుసానా మూర్ నవల దీనికి ఆధారం. న్యూయార్కులో ఇంగ్లీషు టీచరు ఒకావిడ ఓ డిటెక్టివుని ఇష్టపడుతుంది. ఆ చుట్టుపక్కల ఆడవాళ్ళ హత్యలు జరుగుతుంటాయి, ఇతనే హంతకుడేమోనని అనుమానం. కోరికా, భయమూ రెండూ ఆవిడవే, కథంతా ఆవిడ కళ్ళతోనే చూస్తాం. నవల్లో ఆవిడ చనిపోతుంది. సినిమాలో హంతకుణ్ణి చంపి, నడుచుకుంటూ ఇంటికొస్తుంది. ఇక్కడా ముగింపు మార్చారు చూడండి! ఒకచోట ఆమెని చంపడానికి మార్చారు, ఇంకోచోట బతికించడానికి. ఈ సినిమా పెద్దగా ఆడలేదు, అది వేరే సంగతి.

మనకిది పరాయి గొడవ అనుకోకండి. శూర్పణఖ ముక్కూచెవులూ పోయింది కోరిక బయటపెట్టినందుకే కదా! అయితే మనకే వరూధిని కూడా ఉంది. పదహారో శతాబ్దంలో పెద్దన తన వరూధిని చేత ప్రవరుణ్ణి నోరు విప్పి అడిగించాడు. ప్రవరుడు కాదని వెళ్ళిపోయాడు. ప్రవరుడి వేషంలో వచ్చిన గంధర్వుడు ఆమెని మోసం చేశాడు. అంతా అయ్యాక కూడా పెద్దన ఆమెని చంపలేదు. ఆమె మనవడే మనువయ్యాడు.

ఈ సినిమాలు చూడొద్దని నేను చెప్పను. నాకూ ఇష్టమే, చూస్తూనే ఉంటాను. ఈసారి చూసేటప్పుడు మాత్రం, చివర్లో ఎవరు చచ్చారు, ఎవరు ఇంటికి వెళ్ళారు అని ఒక్కసారి లెక్క వేసుకోండి. పక్కన ఆడపిల్లలుంటే, "అలాగే కావాలి" అనేముందు వాళ్ళు వింటున్నారని గుర్తుంచుకోండి. రేపు వాళ్ళకి ఎవరివల్లైనా ప్రమాదమొస్తే, "నాదే తప్పేమో" అనుకుని మన దగ్గర దాచిపెట్టకూడదు. నాకు కావలసింది అంతే.